నల్లాకు నేను వేయించిన తాళం

పండుగకు నలభై మంది చుట్టాలను పిలిచి, ఆ పండుగ ముందురోజే ఇంట్లో చుక్క నీళ్ళు లేకుండా చేసుకోవడం అందరికీ చేతకాదు. దానికి చదువు కావాలి, ఇంటర్నెట్ కావాలి, అన్నిటికీ మించి అప్పట్లో నాకున్నంత తెలివి కావాలి. దిల్‌సుఖ్‌నగర్‌లో ఒక కోచింగ్ సెంటర్లో రీజనింగ్ చెప్పేవాణ్ణి మరి. ఫలానా మాట నిజమైతే ఫలానా మాట అబద్ధమని పొద్దున్నుంచి సాయంత్రం దాకా పిల్లలకు నూరిపోసేవాణ్ణి. ఆ నూరుడు నాకే కాస్త అంటినా ఈ కథ పుట్టేది కాదు.

కర్మన్‌ఘాట్ దగ్గర సొంత ఇల్లు కట్టుకున్న మొదటి ఏడాది అది. ఒకరోజు ఫోన్‌లో ఓ వీడియో చూశాను. ఎక్కడో చలిదేశంలో ఒకాయన ఊరెళ్ళి వచ్చేసరికి ఇంట్లో పైపు పగిలి, చెక్క నేలంతా నాని ఉబ్బిపోయింది. ఆయన ఏడుపు చూసి నా కడుపు తరుక్కుపోయింది. మా ఇంట్లో చెక్క నేల లేదు. ఉన్నవి బండలు. బిందెడు నీళ్ళు కుమ్మరించి చీపురుతో కడిగితే తప్ప అవి బండల్లా కనిపించవు. అయినా సరే, ఆ వీడియోలో అమ్మిన యంత్రాన్ని తెప్పించేశాను.

"ఏందది?" అంది నా భార్య స్వరూప.

"నీళ్ళకు కాపలా. గీ బిళ్ళలు కింద పెడ్తం. ఏడ తడి తగిలినా గీ డబ్బాకు చెప్తయి. డబ్బా ఎంబడే పైపుల నీళ్ళు బంద్ చేస్తది. తడి ఆరినంక మళ్ల అదే తెరుస్తది."

"తడి అయితే మన కండ్లకు కనవడదా?"

"కనవడ్తది. గని ఫోన్ల కనవడదు గద!"

ఆమె నన్ను చూసిన చూపును నేను అప్పుడు మెచ్చుకోలు అనుకున్నాను.

ఎల్బీనగర్ నుంచి ప్లంబరును పిలిపించాను. కోస్తా వైపు మనిషి. "ఎక్కడ బిగించమంటారండీ? పైన ట్యాంకు పైపుకా, గేటు దగ్గర నల్లా పైపుకా?" అని అడిగాడు.

వీడియోలో పెద్దమనిషి 'ఇంట్లోకి నీళ్ళు అడుగుపెట్టే మొదటి చోట' అన్నాడు. "నల్లాకే పెట్టు. దుష్మన్‌ను గేటు కాడనే ఆపాలె," అన్నాను.

"మీ ఇష్టమండీ," అని బిగించేసి ఆయన దారిన ఆయన వెళ్ళిపోయాడు.

ఇక్కడ మీకో ముక్క చెప్పాలి. మా గల్లీలో నల్లా నీళ్ళు రోజు విడిచి రోజు, పొద్దున ఓ గంట వస్తాయి. అవి నేలకింద సంపులో పడతాయి. సంపులోంచి మోటరుతో మిద్దె మీది ట్యాంకుకు ఎక్కిస్తే, అక్కణ్ణుంచి బాత్రూముకు దిగుతాయి. అంటే బాత్రూంలో తడి అయితే, ఆ తడి చేసిన ట్యాంకు దర్జాగా నీళ్ళు వదులుతూనే ఉంటుంది. ఏ పాపం ఎరగని నల్లా మూతపడుతుంది. బడికెళ్ళే పిల్లవాడికైనా తట్టే సంగతి. రీజనింగ్ సారుకు తట్టలేదు. పైగా మొదటి బిళ్ళ ఎక్కడ పెట్టాననుకున్నారు? బాత్రూం నేల మధ్యలో! మా బాత్రూం ఎండాకాలంలో కూడా ఆరిన పాపాన పోదు.

ఆ పెట్టె మాట్లాడుతుంది కూడా. భాషల్లో తెలుగు కనిపించేసరికి మాతృభాష మీద ప్రేమ పొంగి దాన్నే నొక్కాను. సోమవారం పొద్దున స్వరూప స్నానానికి వెళ్ళి రెండు చెంబులు పోసుకుందో లేదో, గేటు దగ్గర కుయ్యిమని కూత, ఆ వెంటనే ఓ ఆడగొంతు.

"ప్రియ వినియోగదారుడా! స్నానాల గదిలో తడి గుర్తించబడినది!"

"బయట ఎవలది?" అని లోపల్నుంచి కేక.

"ఎవలు లేరు! మన డబ్బా!"

"నేను తానం చేస్తున్ననని గల్లీకంత చెప్తుందా అది?"

"కాదు, తడి అయిందంటుంది."

"తానం చేస్తే తడి గాక మంట లేస్తదా? ముందుగాల దాని నోరు మూయి!"

మూశాను. కూత, గొంతు రెండూ ఫోన్‌లో ఆపేశాను. పెట్టె మీద ఎర్రదీపం మాత్రం వెలుగుతూనే ఉంది. పాపం, నోరు మూసినా పని మానలేదు అని మురిసిపోయాను. నిజమే, పని మానలేదు.

ఆ వారం మా ఇంటికి నల్లా రాలేదు. మొదటిసారి, ప్రెషర్ లేదేమో అనుకున్నాం. రెండోసారి, ఎక్కడో పైపు పగిలిందేమో అనుకున్నాం. శనివారం పొద్దున కూడా రాలేదు. సంపు మూత తీసి చూస్తే అడుగున బురద. మా బోరు ఎప్పుడో ఎండింది. ట్యాంకరుకు ఫోన్ చేస్తే, "బోనాల గిరాకీ సార్, మంగళారం దాంక కాదు," అన్నారు. తెల్లారితే ఆదివారం. సొంతింట్లో మా మొదటి బోనం.

స్వరూప గడపలో కూలబడింది. "మా అమ్మ, అక్కలు, వాళ్ల అత్తగారోళ్లు అందరొస్తుండ్రు. బోనమెత్తుకునేటోళ్లకు తలకు పోసుకునేతందుకు నీళ్ళు లేకపాయె. పట్నంల ఇల్లు కట్టిండ్రు గని ఇంట్ల నీళ్ళే లెవ్వని నల్గొండ దాంక చెప్పుకుంటరయ్యా!" అంటూ కళ్ళనీళ్ళు పెట్టుకుంది. ఆ పూట మా ఇంట్లో ఉన్న నీళ్ళు అవే.

నా మగతనం మేలుకుంది. దాంతోపాటు రీజనింగూ మేలుకుంది. పక్కింట్లో నల్లా దబదబ పడుతున్న చప్పుడు వినిపిస్తోంది. వాళ్ళకు వస్తోంది, మాకు రావడం లేదు. కాబట్టి వాళ్ళు నల్లా పైపుకు దొంగమోటరు బిగించి మా వాటా కూడా గుంజుతున్నారు! మా పట్నంలో అలాంటి ఘనులు లేకపోలేదు. కానీ పక్కింటి జంగయ్య మామ అలాంటివాడు కాదు. ఈ కాలనీ జాగా అంతా ఒకప్పుడు వాళ్ళ చేను. మా ఇల్లు కట్టేటప్పుడు గోడలు తడపడానికి నీళ్ళిచ్చిందీ ఆయనే. కోపంలో ఉన్నవాడికి ఇవన్నీ గుర్తుంటాయా?

"మామా, మోటరు తియ్యి!" అని గోడ మీంచి అరిచాను.

"ఏం మోటరు అల్లుడూ? పొద్దుగాల్నే గంత గరం మీదున్నవేంది?"

"నల్లాకు పెట్టిన మోటరు! వారం సంది మాకు చుక్క వస్తలేదు. మీకు దబదబ పడ్తుంది. దీని మతలబేంది?"

ఎదురింటి సత్తెమ్మవ్వ బిందె దించి నిలబడింది. గల్లీ పోగైంది. జంగయ్య మామ గేటు బార్లా తెరిచి, "రా, ఇల్లంత దేవులాడుకో," అన్నాడు. వెళ్ళి చూశాను. నల్లా కింద బకెట్టు ఉంది. బకెట్టులో నీళ్ళున్నాయి. మోటరు లేదు. అక్కడ ఒక దండం పెట్టి తిరిగొస్తే పోయేది. నేను, "దాచిపెట్టినవ్," అన్నాను.

ఆయన ముఖం నల్లబడింది. "పండుగ పూట నన్ను దొంగను చేసినవ్. రుజువన్న చూపెట్టు. లేకుంటే ఈ జన్మల నీ గడప తొక్క."

"రుజువా? నా తాన మిషనుంది. అది మనిషి లెక్క అబద్ధం చెప్పదు!"

అందరినీ మా గేటు దగ్గరికి పిలిచాను. స్వరూప వద్దు వద్దని సైగ చేస్తూనే ఉంది. ఫోన్ తీసి, ఆపేసిన గొంతును మళ్ళీ తెరిచి, రొమ్ము విరుచుకుని నిలబడ్డాను.

"ప్రియ వినియోగదారుడా! సోమవారము నుండి మీ నల్లా మూసివేయబడి ఉన్నది. కారణము, స్నానాల గదిలో తడి. తడి ఆరిన వెంటనే నీరు అనుమతించబడును. మీ ఇల్లు సురక్షితముగా ఉన్నది. ధన్యవాదములు!"

సత్తెమ్మవ్వ స్వరూప వైపు తిరిగి, "అంటే ఏందే బిడ్డా?" అంది.

"అంటేనా అవ్వా," అంది స్వరూప పళ్ళు నూరుతూ, "నేను తానం చేసుడు బంద్ చేస్తే మాకు నల్లా వస్తదంట!"

పరుగెత్తుకెళ్ళి బిళ్ళను తువ్వాలుతో తుడిచాను. గేటు దగ్గర టక్కుమని శబ్దం, పైపులోంచి ఫుస్సుమని గాలి. నల్లా టైం అప్పటికే అయిపోయింది. బయటికొచ్చి, "మామా, తప్పయింది..." అనబోతుంటే జంగయ్య మామ విననట్టు వెనక్కి తిరిగి వెళ్ళిపోయాడు. నీళ్ళు పోతే పోయాయి, మనిషిని పోగొట్టుకున్నానే అనిపించింది.

ఇంతలో గోడ మీంచి ఒక పైపు కొస మా వాకిట్లో పడింది. దాని వెనకే జంగయ్య మామ తల కనిపించింది.

"అల్లుడూ, నా తాన గుంజే మోటరు లేదు గని, పోసే మోటరుంది. సంపు మూత తియ్యి."

నాకు కళ్ళు చెమర్చాయి. గబగబా తుడుచుకున్నాను. తడి కనిపిస్తే ఆ పెట్టె ఇంకేం మూసేస్తుందో అని భయం.

ఆదివారం స్వరూప తలంటుకుని, పసుపు రాసుకుని బోనమెత్తింది. మా అత్తగారు సంపులోకి తొంగిచూసి, "పట్నమైనా నీళ్ళకు కొదవ లేదు బిడ్డా," అని మెచ్చుకుంది. స్వరూప నావైపు చూడనైనా లేదు. భోజనాల దగ్గర మొదటి వరుసలో జంగయ్య మామను బతిమాలి కూర్చోబెట్టాను. నేను మాంసం కూర గిన్నె పట్టుకుని పక్కనుంచి పోతుంటే, ఆయన ఇస్తారి చూపించి గొంతు సన్నగా చేసి అన్నాడు:

"ప్రియ వినియోగదారుడా! నా ఇస్తారిల బొక్కలు మాత్రమే గుర్తించబడినవి. కూర అనుమతించుము!"

నల్గొండ నుంచి వచ్చిన నలభై మందీ పడీ పడీ నవ్వారు. ఆ రోజుతో మా అమ్మానాన్నలు పెట్టిన పేరు గల్లీలో మాయమైంది. పాలవాడికీ, పూలమ్మికీ, చివరికి మా అత్తగారికీ నేను వినియోగదారుణ్ణే.

అందుకని, బోనమందుకున్న అమ్మవారి మీద ఆన, బాత్రూంలో పెట్టిన బిళ్ళ మీద ఆన. పక్కింటివాళ్ళ మీద నోరు తెరిచే ముందు, మా ఇంటి నల్లా తెరిచి ఉందో లేదో చూసుకుంటాను.