గిటారన్న దగ్గు

మా సాఫ్ట్ రాక్ బ్యాండులో పాడేది నేను. అయినా మా ఆల్బమ్ అంతగా అమ్ముడుపోయిందంటే, ఆ ఘనత గిటారు వాయించే అన్నదేనని నా గొంతు విన్నవాళ్లెవరైనా ఒప్పుకుంటారు. ఆయన మాత్రం ఆ విజయానికి వణికిపోయేవాడు. మూడో పాటలో ఒక్క స్వరం తప్పు వాయించాడు. స్టూడియోలో మేమెవరమూ పట్టుకోలేదు. కావలిలో ఆటో ఎక్కినా, సెలూన్లో కూర్చున్నా అదే పాట. ఆ చోటు రాగానే, ఆ తప్పు పక్కవాళ్లకు వినపడకుండా గట్టిగా దగ్గేవాడు.

"ఎంత అమ్ముడుపోతే అంతమందికి తెలిసిపోతాదిరా," అనేవాడు నాతో.

మైపాడు బీచిలో కచేరీ కోసం నెల రోజులు సాధన చేసి, వేదిక మీద ఆ స్వరాన్ని తొలిసారి సరిగ్గా వాయించాడు. ముందు వరుసలోంచి ఒకావిడ అరిచింది.

"రికార్డులో అట్ట లేదన్నా! తప్పు వాయించినావు!"

వెనకవాళ్లు ఆ స్వరాన్ని ఆల్బమ్‌లో ఉన్నట్టే పాడి మరీ వినిపించారు.

పాట అయ్యాక అన్న తెర వెనక్కి వచ్చి నా చెయ్యి పట్టుకున్నాడు.

"ఇప్పుడెట్టరా? ఆ పొద్దంటే పొరపాటున తప్పినాను. ఇంక ప్రతిసారీ తప్పకుండా తప్పాలంటే నా వల్ల అవుతాదా?"