రష్యా కోసం తీసిన ముగింపు

ఆ ఏడాది కెనడాలోని లండన్ నుంచి టొరంటో వెళ్లే రైళ్ల నిండా మనదేశపు విద్యార్థులే. నాతో చదివే సురేశ్ సరస్సులో మునిగిపోయి అప్పటికి వారం కాలేదు. అతని శవాన్ని ఇంటికి పంపే పనిమీద వెళ్తున్నాను. నా ఫోన్‌లో అతని ఆఖరి వీడియో ఉంది. నవ్వుతూ నీళ్లలోకి నడుస్తాడు. దాన్నే మళ్లీ మళ్లీ చూస్తున్నాను.

పక్క సీట్లోని ముసలావిడ ఆ అబ్బాయెవరని అడిగింది. చెప్పాను. ఆవిడ తన అమ్మమ్మ గురించి మొదలుపెట్టింది. ఆమె డెన్మార్క్‌లో మూకీ సినిమాల నటి. ఇప్పుడు ఎవరికీ గుర్తులేదు. అప్పట్లో రష్యా ప్రేక్షకులకు విషాదాంతాలే నచ్చేవట. అందుకని ఒకే సినిమాకు రెండు ముగింపులు తీసేవారట. మిగతా దేశాలకు పెళ్లి, రష్యాకు చావు.

"అమ్మమ్మ సినిమాలన్నీ పోయాయి. రష్యాకు పంపిన ముక్క ఒక్కటే దొరికింది. అందులో ఆమె నీళ్లలో దూకి చనిపోతుంది" అందావిడ. "నన్ను పెంచింది ఆమే. నిండా ముసలితనం దాకా బతికింది. కానీ ఆ ముక్క చూసినప్పటి నుంచి, కళ్లు మూసుకుంటే మునిగిపోతున్న మనిషే కనిపిస్తోంది. నేను చూడకుండా ఉండాల్సింది."

ఆవిడ ఓక్‌విల్‌లో దిగిపోయింది. రైలు కదిలాక కరీంనగర్ నుంచి సురేశ్ చెల్లెలు ఫోన్ చేసింది.

"అక్కా, అన్న వీడియోలు ఏమన్న ఉన్నయా నీ దగ్గర?"

"వంట చేస్తూ పాట పాడింది ఉంది. పంపుతా."

"లేక్ కాడ తీసింది?"

"లేదురా."

వంట వీడియో పంపాను. రెండోదాన్ని డిలీట్ చేయడానికి ఇప్పటికీ నాకు చేతులు రాలేదు.