నాభి దుంపలో సగం

గిద్దలూరు వెళ్లే బస్సు నల్లమల ఘాట్ దిగుతోంది. దారిలో ఎక్కి నా పక్కన కూర్చున్న ముసలమ్మ, నా ఒళ్లోని కవర్‌లోంచి తొంగిచూస్తున్న ఎర్రటి అడవినాభి పువ్వు వైపే చూస్తోంది. అంతకుముందు బస్సు టైరు మారుస్తున్నప్పుడు, బాల్కనీ కుండీలో పెట్టుకుందామని దాన్ని అడవిలోంచి పీక్కొచ్చాను.

"దుంపంతా తెచ్చినావా?" అంది.

నవ్వుతూ తలూపాను.

"కాన్పు కష్టమైతే ఈ దుంప నూరి అరికాళ్లకు పూస్తాం. నోట్లో పెడితే ప్రాణం పోతాది. అంత అక్కరకూ ఒక పాయే ఇరుచుకొని, రెండోది మన్నులోనే పెట్టొస్తాం. నీ సోకుకు మొత్తం కావాల్నా?"

"ఒక్క మొక్కేగా పెద్దమ్మా!" నాకూ కోపం వచ్చింది.

"అందరూ ఒక్కటే అంటారు. యాడ పీకినావో చెప్పు, పెట్టొస్తా."

నేను పువ్వునే చూశాను, చోటును చూడలేదు.

ఆమె కవర్ లాక్కుని, నాగలిలా రెండుగా చీలిన దుంపను పుటుక్కున విరిచింది. పువ్వున్న సగం నా ఒళ్లో పడేసి, మిగతాది కొంగున ముడేసుకుని, అడవి దాటకముందే బస్సు ఆపించి దిగిపోయింది.

ఏటా వానలకు నా బాల్కనీ ఎర్రబడుతుంది. ఎక్కడిదని అందరూ అడుగుతారు. ఆ ప్రశ్నకు ఇప్పటికీ ఒళ్లు మండుతుంది. నల్లమల అని మాత్రం అంటాను.