గుమ్మం నుంచి పద్నాలుగు అడుగులు

బ్యాంకులో లోన్లు చూసే మేడమ్ ఎదురుగా, కింద పడ్డ పెన్ను తీద్దామని వంగినప్పుడు మాస్టారి ప్యాంటు వెనక కుట్టు నడుము దగ్గర మొదలై కింది దాకా విడిపోయింది. చప్పుడు పెద్దగా రాలేదు. కవరు చింపి ఉత్తరం తీసినంత వచ్చింది. పెన్ను దొరికింది.

ఆ ప్యాంటు కుట్టింది మాస్టారే. ముప్పై ఏళ్ళుగా ఆయన టైలరు. ఎవరి బట్ట కుట్టినా లోపలి మడతలో రెండంగుళాల గుడ్డ వదిలిపెట్టడం ఆయన పద్ధతి. మనిషన్నాక లావవుతాడు; ఆ రోజు వచ్చినప్పుడు కుట్టు విప్పి, లోపలి గుడ్డ బయటికి లాగి, మళ్ళీ కుడితే సరిపోతుంది. పై నుంచి చూస్తే అదే ప్యాంటు. అందుకే చుట్టుపక్కల ఆయన్ని రెండంగుళాల మాస్టారు అంటారు. తన ప్యాంటు దగ్గరికి వచ్చేసరికి మాత్రం ఎవరికో కుట్టగా మిగిలిన ముక్కతో సరిపెట్టుకున్నారు. మిగిలిన ముక్కలో మళ్ళీ మిగులెక్కడిది?

పెన్ను బల్ల మీద పెట్టి మాస్టారు నెమ్మదిగా కుర్చీలో కూర్చున్నారు. నిజానికి వచ్చిన పని అయిపోయింది. ఏడాదికోసారి ఇంటి అప్పు తాలూకు లెక్క కాగితం ఇస్తారు. తీసుకుని సంతకం పెట్టడం, మడిచి జేబులో పెట్టుకోవడం, రావడం. ఏడేళ్ళుగా ఇదే వరస. కానీ ఈసారి ఆయన వెనక బెంచీల మీద పదకొండు మంది ఉన్నారు. ఎవరి చేతిలోనూ పేపరైనా లేదు.

"ఇంకేమైనా ఉందా మాస్టారూ?" అంది మేడమ్.

ఉందనాలి. లేదంటే లేవాలి.

"ఇంకెంత మిగిలింది మేడమ్?" అన్నారు మాస్టారు.

ఏడేళ్ళలో ఆయన ఈ మాట అడగడం ఇదే మొదటిసారి. అడగాల్సిన అవసరం ఎప్పుడూ పడలేదు. జవాబు ఇంట్లో నేల మీద గీసి ఉంది.

ఆ గీత సంగతి చెప్పుకోవాలి. ఇల్లు కొన్న రోజున మాస్టారు తన టేపు తీసి గుమ్మం నుంచి వెనక గోడ దాకా కొలిచారు. సరిగ్గా నలభై అడుగులు. అంటే నాలుగు వందల ఎనభై అంగుళాలు. అప్పు ఇరవై లక్షలు, ఇరవై ఏళ్ళు, అంటే రెండు వందల నలభై నెలలు. భాగిస్తే నెలకి రెండంగుళాలు! రెండంగుళాల మాస్టారికి ఇంతకంటే ఏం కావాలి? రాసిపెట్టి ఉందనుకున్నారు. ఆ నెల నుంచి, వాయిదా పదిహేడు వేల మూడు వందల యాభై ఆరు కట్టి రాగానే బట్టల మీద గీసే సుద్ద తీసుకుని హాల్లో అడ్డంగా గీత గీయడం, పాత గీత తుడిచెయ్యడం మొదలుపెట్టారు. గీతకి ఇవతలిది మనది, అవతలిది బ్యాంకుది.

రెండేళ్ళకి గీత చెప్పుల స్టాండు దాటింది. అయిదో ఏడు సోఫా మధ్యలోకొచ్చింది. అప్పుడే బావమరిది ఒకసారి వచ్చి సోఫా మధ్యలో కూర్చుని, "బావా, నేనిప్పుడు మీ ఇంట్లో ఉన్నానా, బ్యాంకులో ఉన్నానా?" అని అడిగాడు. మాస్టారు టేపు తెచ్చి కొలిచి, "ఎడం మోకాలు దాకా మా ఇంట్లో ఉన్నావురా" అన్నారు. ఇప్పుడు ఏడేళ్ళు నిండాయి. గీత గుమ్మం నుంచి పద్నాలుగు అడుగుల దూరంలో ఉంది. సోఫా మొత్తం ఇవతలికి వచ్చేసింది.

మేడమ్ కంప్యూటర్లో చూసింది. "పదిహేడు లక్షల అరవై అయిదు వేలు."

"నా పేరు మీద చూశారా?"

"మీదే మాస్టారూ."

"ఇప్పటికి పద్నాలుగున్నర లక్షలు కట్టాను కదా మేడమ్?"

"కట్టారు. అందులో అసలుకి పోయింది రెండు లక్షల ముప్పై అయిదు వేలు. మిగతాది వడ్డీ. మొదట్లో వడ్డీయే ఎక్కువ పోతుంది. అసలు పెద్దదిగా ఉంటుంది కదా, దాని మీద వడ్డీ కూడా పెద్దదే. మీ పదిహేడు వేలు రాగానే ముందు వడ్డీ భోంచేస్తుంది. ఏమైనా మిగిలితే అసలు తింటుంది. ఈ నెల అసలుకి మిగిలింది రెండు వేల ఆరు వందల చిల్లర."

మాస్టారు మనసులో టేపు పరిచారు. రెండు వేల ఆరు వందలంటే అరంగుళం దాటి కాస్త. "సరే మేడమ్. ఎలాగూ ఇంకో పదమూడేళ్ళలో అయిపోతుంది."

"పంతొమ్మిదేళ్ళు మాస్టారూ. ఒక నెల తక్కువ."

మాస్టారు లేవబోయారు. లేవకూడదని గుర్తొచ్చి మళ్ళీ కూర్చున్నారు. వెనక పదకొండు మందీ పదమూడు మంది అయ్యారు.

"నాలుగేళ్ళ కిందట వడ్డీ ఎనిమిదిన్నర నుంచి పదికి పెరిగింది," అంది మేడమ్. "మీకు భారం కాకూడదని వాయిదా పెంచలేదు. నెలలు పెంచాం. ఎలా చెప్పాలి... మా ఆయన కోటు మీరు మూడుసార్లు వదులు చేశారు కదా?"

"చేశాను."

"అదే."

మాస్టారికి అర్థమైంది. ముప్పై ఏళ్ళుగా తను ఊరందరికీ చేస్తున్న పని తనకెవరో చేశారు. పై నుంచి చూస్తే అదే పదిహేడు వేల మూడు వందల యాభై ఆరు. లోపల మడత విప్పారు. రెండంగుళాలు కాదు, ఆరేళ్ళు.

"మరి ఒక్క మాటైనా చెప్పకుండా గడువు పెంచేస్తే ఎలా మేడమ్?"

"ఉత్తరం పంపాం కదా మాస్టారూ."

మాస్టారు మొత్తం ఎంతవుతుందని అడిగారు. యాభై నాలుగు లక్షలవుతుందంది మేడమ్. తీసుకున్నది ఇరవై. అంటే రెండు ఇళ్ళకి సరిపడా డబ్బు కట్టి, ఆ పైన మూడో ఇంటికి కూడా వంటగది తప్ప మిగతాదంతా కట్టి, ఒక ఇంట్లో ఉంటారన్నమాట. బెంచీలు ఇంకా ఖాళీ కాలేదు కాబట్టి, మధ్యలో ఏదైనా పెద్ద మొత్తం కడితే ఏమవుతుందని కూడా అడిగారు. "ఊరికే మేడమ్. మూడు లక్షలనుకోండి, ఉదాహరణకి." మేడమ్ లెక్కవేసి, కాగితం వెనక పెన్సిలుతో రాసిచ్చింది. భోజనాల వేళకి బెంచీలు ఖాళీ అయ్యాయి. కాగితంతో పాటు ఒక అట్ట ఫైలు కూడా ఇచ్చి, "వెనక పట్టుకోండి మాస్టారూ," అంది, కంప్యూటర్ మీద నుంచి చూపు తిప్పకుండా. మొదటి నుంచీ చూసిందన్నమాట.

కొట్టు బ్యాంకుకి రెండు వీధుల అవతల. ఒక మిషను, ఒక బల్ల, ఒక అద్దం పట్టేంత గది. లోపల మాస్టారి భార్య స్టూలు మీద కూర్చుని చొక్కాకి కాజాలు కుడుతోంది. కాజాలు, గుండీలు ఆమె పని. ఆ డబ్బు ఆమెది. ఇంట్లో వంటగది ఎంత ఇరుకంటే, ఒకరు లోపలుండగా రెండోవారు వెళ్ళాలంటే ముందు మొదటివారు బయటికి రావాలి. వెనక గోడ పగలగొట్టి నాలుగడుగులు పెంచాలని ఏడేళ్ళుగా కాజా కాజా కూడబెట్టింది. మూడు లక్షలయ్యాయి. వచ్చే నెల రమ్మని మేస్త్రీకి చెప్పి కూడా ఉంచింది.

మాస్టారు లోపలికి వచ్చిన తీరు చూసి ఆమె సూది ఆపింది.

"ఎక్కడ చిరిగింది?"

"బ్యాంకులో."

"ఎవరు కుట్టారు?"

"నేనే."

"ఇకనించి మంచి టైలర్ని చూసుకోండి," అని చెయ్యి చాపింది.

మాస్టారు ఎవరిదో కర్టెన్ గుడ్డ చుట్టుకుని ప్యాంటు ఆమెకిచ్చి, బల్ల మీద కూర్చున్నారు. ఇక్కడా లేవడానికి లేదు. గోడకి మేకుకి అట్టలు వేలాడుతున్నాయి: కాలరుకి ఒకటి, జేబుకి ఒకటి, కఫ్‌కి ఒకటి. గుడ్డ మీద పెట్టి చుట్టూ సుద్ద గీసి కత్తిరించడానికి అలాంటివి ఉండాలి. దళసరి కాగితమైతే బాగా నిలుస్తుంది. ఎక్కువ రోజులు నిలిచే దళసరి కాగితం ఎక్కడి నుంచి వచ్చేదో ఆయనకి ఆ క్షణంలో గుర్తొచ్చింది. చెయ్యి చాపి జేబు అట్ట తీసి తిప్పి చూశారు. "వడ్డీ రేటు మార్పు వలన" అని ఉంది. కాలరు అట్ట మీద "మిగిలిన గడువు 275 నె" అని ఉంది. మిగతా "లలు" కత్తెరకి పోయింది. నాలుగేళ్ళుగా ఈ వీధిలో సగం మంది మగవాళ్ళు ఆ గడువు కొలతతోనే కాలర్లు వేసుకు తిరుగుతున్నారు.

"ఏమంది బ్యాంకావిడ?"

చెప్పక తప్పలేదు. చెప్పారు.

"పంతొమ్మిదేళ్ళా?" ఆమె కుట్టడం ఆపలేదు. "అప్పటికి మీకెన్నేళ్ళు?"

"అరవై ఏడు."

గోడ మీద దూది దిండుకి పన్నెండు సూదులు గుచ్చి ఉన్నాయి, అన్నిటికీ దారం ఎక్కించి. రెండేళ్ళుగా మాస్టారికి అద్దాలు పెట్టుకున్నా సూది బెజ్జం కనపడదు. రోజూ పొద్దున్నే ఆమె పన్నెండు సూదులకి దారం ఎక్కించి పెడుతుంది. ఎవరికీ చెప్పలేదు, వాళ్ళిద్దరూ కూడా దాని గురించి మాట్లాడుకోలేదు. అరవై ఒకటికి అప్పు తీరుతుంది, ఆ రోజు మిషను మీద మూత పెట్టేస్తానని మాత్రం మాస్టారు అంటూ ఉండేవారు.

"అరవై ఏడుకి మీ సూదుల్లోకి దారం ఎవరెక్కిస్తారు? నాకు మాత్రం కళ్ళు రాళ్ళతో చేశారా?" అంటూ ఆమె దారం పళ్ళతో కొరికింది. "ఆ ఫైలు ఇటివ్వండి."

"అందులో ఏం లేదు."

"ఏం లేకపోతే ఇవ్వడానికేం?"

కాగితం వెనక్కి తిప్పింది. పెన్సిలు రాత చదివింది. "మూడు లక్షలు ఇప్పుడు కడితే ఎనభై నెలలు తగ్గుతాయి." మళ్ళీ చదివింది.

"ఈ మూడు లక్షలెవరివండీ?"

"ఎవరివీ కావు. ఊరికే, ఉదాహరణకి."

"ఉదాహరణకి నావే దొరికాయా?"

మాస్టారు కర్టెన్ సర్దుకున్నారు.

ఆమె ప్యాంటు ఒళ్ళో పెట్టుకుని వేళ్ళ మీద లెక్కపెట్టడం మొదలుపెట్టింది. ఎనభై నెలలు, నెలకి పదిహేడు వేల చిల్లర. మాస్టారు సాయం చెయ్యబోతే కళ్ళతోనే ఆపింది. "పద్నాలుగు లక్షలకి కాస్త తక్కువ," అంది చివరికి. "నా వంటగదులు నాలుగున్నర."

"అవును."

"అప్పు ఎప్పటికి తీరుతుంది?"

"పన్నెండేళ్ళ మూడు నెలలు. అరవై ఒకటి నిండకుండానే."

"మరి ఏడేళ్ళ కిందటే నెలకి వెయ్యో రెండు వేలో అదనంగా కట్టేసి ఉంటే?"

"అప్పుడు నా ప్యాంటు చిరగలేదు కదే."

ఆమె నవ్వలేదు. ప్యాంటు ఆయన వైపు విసిరింది. "మేస్త్రీకి నేను చెప్పుకుంటాను. కానీ ఒక్కటి. ఇక నుంచి ఆదివారాలు ఆ వంటగదిలో మీరుంటారు. కూరలు తరిగేది, వండేది, గిన్నెలు తోమేది అన్నీ మీరే. ఆ ఇరుకేమిటో పన్నెండేళ్ళు మీకూ తెలియాలి. నేను సోఫాలో కాళ్ళు చాపుకుని కూర్చుంటాను. అది ఎవరి సోఫా అయినా సరే."

మాస్టారు ప్యాంటు వేసుకున్నారు. లోపలి మడతలో రెండంగుళాలు అతుకు వేసి ఉంది. ఎక్కడి గుడ్డో తెలియదు, రంగు మాత్రం కలవలేదు.

మర్నాడు ఇద్దరూ బ్యాంకుకి వెళ్ళారు. డబ్బు కట్టాక మేడమ్, "వాయిదా తగ్గించమంటారా, నెలలు తగ్గించమంటారా?" అని అడిగింది. మాస్టారు భార్య వైపు చూశారు. భార్య మేడమ్ వైపు చూసింది.

"పొడవు తగ్గించండి మేడమ్," అన్నారు మాస్టారు. "నడుము అలాగే ఉండనీండి."

ఆ సాయంత్రం ఆయన హాల్లో మోకాళ్ళ మీద కూర్చుని, పద్నాలుగు అడుగుల దగ్గరి గీత తడిగుడ్డతో తుడిచారు. నిన్నటి లెక్క ప్రకారం అయితే గీత నాలుగు అడుగుల ఎనిమిది అంగుళాల దగ్గర, అంటే చెప్పుల స్టాండు పక్కన పడాలి. ఇవాళ కట్టిన మూడు లక్షలతో పది అడుగుల ఎనిమిది అంగుళాలకి వచ్చింది. కొత్త గీత సోఫా కింద నుంచి పోయింది. మూడు సీట్లలో రెండు ఇవతల, ఒకటి అవతల. భార్య చూసి, వెళ్ళి ఆ మూడో సీట్లోనే కూర్చుంది.

మొదటి ఆదివారం మాస్టారు వంటగదిలో రెండు గిన్నెలు పడేశారు, మోచేతికి అలమార తలుపు కొట్టుకుంది, కూరలో ఉప్పు రెండుసార్లు వేశారు. రెండో ఆదివారం ఒకసారే వేశారు. బ్యాంకు సీట్లోంచి ఆవిడ, "కొలిచి వేయండి, కొలవడం మీ వృత్తి కదా," అంది. ఉత్తరాలు కూడా ఇప్పుడు వచ్చిన వెంటనే చింపి, రెండు వైపులా చదువుతున్నారు. చదివాకే కాలర్లకి వాడుతున్నారు.

ఒక్క ఇబ్బంది మాత్రం వచ్చింది. కోటు కుట్టాలంటే రోజంతా కదలకుండా కూర్చోవాలి, అందుకని ఇన్నాళ్ళూ కోట్ల పని ఆదివారాలకి పెట్టుకునేవారు. ఇప్పుడు ఆదివారాలు లేవు. బ్యాంకు మేడమ్ వాళ్ళాయన ఈసారి వదులు చేయించడానికి ఇంకేమీ మిగలక కొత్త కోటుకి కొలతలిచ్చాడు. పదిహేను రోజుల్లో ఇస్తానన్నారు మాస్టారు. నెల దాటింది.

చివరికి మేడమే కొట్టుకి వచ్చింది. బల్ల మీద చేతులింకా కుట్టని కోటు ఉంది.

"మీరు పదిహేను రోజులన్నారు, నెల దాటిపోయింది. ఒక్క మాటైనా చెప్పకుండా గడువు పెంచేస్తే ఎలా మాస్టారూ?"

స్టూలు మీద భార్య చేతిలో కాజా ఆగింది. మాస్టారు అద్దాలు తీసి తుడుచుకుని, మళ్ళీ పెట్టుకుని, అన్నారు:

"ఉత్తరం పంపాం కదా మేడమ్."