బుల్లెమ్మ దవడ నొప్పి

నాగభూషణం పాతికేళ్ళ పైన పంటు నడిపాడు. ఏటిమొగ రేవుకీ ఎదురుమొండి దీవికీ మధ్య కృష్ణ పాయ మీద మనుషుల్నీ, మోటారు సైకిళ్ళనీ, ఐసు పెట్టెల్నీ, పెళ్ళివాళ్ళనీ, బడిపంతుళ్ళనీ అటూ ఇటూ దాటించాడు. గొంతు పెద్దది. పంటు కట్టు విప్పే ముందు ఒక్క కేకేస్తే, గట్టు మీద నింపాదిగా నడిచొచ్చేవాళ్ళు కూడా చెప్పులు చేత్తో పట్టుకుని పరిగెత్తేవాళ్ళు. మాటకారి. దాటే ఆ కాసేపట్లోనే ఎక్కినవాళ్ళ ఇంటి సంగతులన్నీ రాబట్టేవాడు, తనవి రెండు చెప్పేవాడు.

అలాంటివాడికి పోయిన వేసవిలో పక్షవాతం వచ్చింది. స్టీరింగు ముందు నిలబడ్డవాడు నిలబడ్డట్టే పక్కకి ఒరిగిపోయాడు. కుడి చెయ్యి, కుడి కాలు పడిపోయాయి. వాటితో పాటు మాట పోయింది. పూర్తిగా పోయినా బాగుండేదేమో. ఒక్క మాట మిగిలింది. "అదే." మంచినీళ్ళు కావాలన్నా అదే, కిటికీ మూయమన్నా అదే, కోపం వచ్చినా అదే. ఎదుటివాళ్ళు చెప్పేది ప్రతి ముక్కా అర్థమవుతుంది. చెప్పాల్సింది లోపల వరుసగా, స్పష్టంగా తయారవుతుంది. నోటి దాకా వచ్చేసరికి ఆ రెండక్షరాలే బయటికొస్తాయి.

దాంతో బుల్లెమ్మ చేపల బేరం మానేసింది. అంతకుముందు తెల్లారేసరికి దీవిలోనే పడవల దగ్గర చేప కొని, బుట్ట నెత్తిన పెట్టుకుని, మొగుడి పంటు మీదే దాటి నాగాయలంక వీధుల్లో అమ్ముకొచ్చేది. ఇప్పుడు ఇంటి ముందు తడకల మీద ఎండు చేప ఆరబెట్టుకుంటూ, మధ్యమధ్యలో లోపలికొచ్చి మొగుణ్ణి చూసుకునేది. పొద్దున్నే అతని ఎడం చెయ్యి తన మెడ చుట్టూ వేయించుకుని, చంకల కింద చేతులు పెట్టి లేపి, మంచం మీంచి కుర్చీలోకి దించేది. నీళ్ళు పోశాక మళ్ళీ మంచం మీదకి. అతను ఒడ్డూ పొడుగూ ఉన్న మనిషి. ఆమె అతని భుజం దాకా వస్తుంది.

పడుకున్న మనిషికి చూడ్డం తప్ప పనేముంటుంది? ఎదురుగా వాకిలి, వాకిట్లో బుల్లెమ్మ. ముప్పై ఏళ్ళ కాపురంలో ఆమెని అంతసేపు ఎప్పుడూ చూడలేదు నాగభూషణం. అలా చూస్తూ ఉండగానే ఒకరోజు కనిపెట్టాడు. తనని కుర్చీలోకి దించాక ఆమె వెంటనే కదల్లేదు. గోడకి చేరబడి, ఎడం దవడ కింద అరచెయ్యి ఆనించి నిలబడింది. పై పెదవి మీద చెమట. కాసేపటికి చెయ్యి తీసేసి, ఏమీ జరగనట్టు నీళ్ళ బకెట్టు అందుకుంది.

మర్నాడూ అంతే. ఆ తర్వాత బోరింగు నుంచి బిందె మోసుకొచ్చినప్పుడు కూడా. అన్నం తిన్న వెంటనే ఎండు చేప తట్ట ఎత్తినప్పుడు కూడా. కూర్చుని చేపలు ఏరుకుంటున్నంతసేపు ఏ నొప్పీ లేదు. బరువెత్తితే వస్తుంది, ఆగితే పోతుంది. ఆమె ఓ లవంగం పంటి కింద పెట్టుకునేది. "పన్ను పుచ్చినట్టుంది మావా" అనేది తనలో తాను అనుకుంటున్నట్టు.

ఆ మాట నాగభూషణం అంతకుముందు విన్నాడు. బందరు ఆసుపత్రిలో తను పడి ఉన్నప్పుడు పక్క మంచం మీద కృత్తివెన్ను నుంచి వచ్చిన కాంతారావని ఒకాయన ఉండేవాడు. రొయ్యల చెరువు కాపలా మనిషి. వచ్చినవాళ్ళందరికీ తన కథ మళ్ళీ మళ్ళీ చెప్పేవాడు. "మేత బస్తా భుజానికెత్తుకుని గట్టు మీద నడిస్తే దవడ లాగేదండీ. ఆగితే తగ్గేది. పన్ననుకున్నాను. రెండు పళ్ళు పీకించుకున్నాను కూడా. ఛాతీలో నొప్పి వస్తే కదండీ మనం గుండె అనుకుంటాం. నాకు ఛాతీలో రాలేదు. గుండెకి రక్తం వెళ్ళే దారులు పూడుకుపోతే అలా కూడా వస్తుందంట. పడిపోయేదాకా నాకు తెలీలేదు." ఆ మాటలు అప్పుడు నాగభూషణం మాట రాక మంచం మీద పడుకుని, విసుగ్గా, గోడవైపు తిరిగి విన్నాడు. ఇప్పుడు ఒక్కొక్కటీ గుర్తొస్తోంది.

చెప్పాలి. ఎలా?

ఆమె చెయ్యి దవడ మీదకి పోయినప్పుడల్లా "అదే, అదే" అన్నాడు. "ఏం కావాలి మావా? మంచినీళ్ళా? దుప్పటా?" అంటూ ఒక్కొక్కటీ తెచ్చి చూపించేది. అతను తల అడ్డంగా ఊపేవాడు. చివరికి ఎడం చెయ్యి చాచి ఆమె దవడ పట్టుకున్నాడు. బుల్లెమ్మ సిగ్గుపడి చెయ్యి తీసేసింది. "ఇప్పుడేంటి ఈ సరసం" అని నవ్వింది. అతని కళ్ళమ్మట నీళ్ళు కారాయి. ఆమె వాటిని కొంగుతో తుడిచి, వేరే ఏదో అనుకుని, "నీకేం తక్కువ చేశాను? ఊరికే దిగులు పెట్టుకోకు" అంది.

కనీసం తనని ఎత్తనివ్వకూడదని నిర్ణయించుకున్నాడు. పొద్దున్న ఆమె వంగి మెడ అందిస్తే చెయ్యి వెయ్యలేదు. మంచం పట్టె పట్టుకుని బిగుసుకుపోయాడు. బతిమాలింది. కసురుకుంది. చివరికి, తడిసిన పక్క మీద ఉంచలేక, తానే మొండిగా లాగి ఎత్తింది. అతను సాయం పట్టనందుకు బరువు రెట్టింపయింది. దించాక నేల మీద కూలబడి, ఎడం భుజం పట్టుకుని, చాలాసేపు ఊపిరి కోసం నోరు తెరుచుకుని కూర్చుంది. అది చూశాక మళ్ళీ బిగుసుకోలేదు నాగభూషణం. మెడ చుట్టూ చెయ్యి వేసి, పనిచేసే కాలు నేలకి తన్ని, తన బరువు తనే ఎంత మోసుకోగలిగితే అంత మోసుకునేవాడు. అంతకు మించి ఏ దారీ కనిపించలేదు. తనని ఎత్తడమే ఆమెని చంపుతోందని తెలిసి, రోజూ ఆమె మెడ పట్టుకోవాలి.

కూతురు ప్రియాంకని పెడనలో ఇచ్చారు. అక్కడ కలంకారీ అద్దకం షెడ్డులో పనిచేస్తుంది. ఓ ఆదివారం వచ్చింది. నాగభూషణం ఆ రోజు కోసమే ఎదురుచూశాడు. తల్లి బయట ఉండగా కూతుర్ని దగ్గరికి రమ్మని సైగ చేసి, తన ఎడం దవడ మీద కొట్టుకున్నాడు. మళ్ళీ మళ్ళీ కొట్టుకున్నాడు. వాకిలివైపు చెయ్యి చూపించాడు.

"పన్ను నొప్పా నాన్నా?"

అతను తల అడ్డంగా ఊపబోయాడు. నోరు మాత్రం "అదే" అంది.

"అమ్మా, నాన్నకి పన్ను నొప్పంట. నీకు చెప్పలేకపోతున్నాడు" అని కేకేసింది ప్రియాంక. ఊళ్ళో వైద్యం చేసే వెంకటపతి గారిని పిలిపించారు. ఆయన టార్చి వేసి నాగభూషణం నోరంతా చూశారు. "పళ్ళు బాగానే ఉన్నాయండీ. చిగురు వాచిందేమో" అని నొప్పి బిళ్ళలిచ్చారు. నాగభూషణం ఆయన చొక్కా పట్టుకుని వదల్లేదు. వేళ్ళు ఒక్కొక్కటీ విడదీసి చెయ్యి పక్కన పెట్టారు. తర్వాత రెండు రోజులు ఆ బిళ్ళలు నలిపి పాలల్లో కలిపి పట్టింది బుల్లెమ్మ. తన నొప్పికి లవంగం, అతనికి లేని నొప్పికి బిళ్ళ.

కార్తీకంలో వాయుగుండం పట్టింది. గాలి ఎక్కువై పంటు ఆపేశారు. తీరం దగ్గరి ఇళ్ళవాళ్ళని తుఫాను షెల్టరుకి వెళ్ళమన్నారు. నాన్నని అమ్మ ఒక్కతే ఎలా కదుపుతుందోనని ప్రియాంక ముందురోజే వచ్చి ఉంది. పంటు మీద పనిచేసే కోటేశ్వరరావు ఆటో తెస్తానన్నాడు. ఆ లోపు మధ్యాహ్నం అన్నాలు తిని సామాను సర్దుకుంటున్నారు.

ఆ రోజు బుల్లెమ్మ ఏ బరువూ ఎత్తలేదు. గుమ్మంలో కూర్చుని బట్టలు మూట కడుతోంది. కడుతున్నదల్లా ఆగిపోయింది. చెయ్యి దవడ మీదకి పోయింది. పోయిన చెయ్యి దిగలేదు. నాగభూషణం చూస్తున్నాడు. ఇప్పుడు తగ్గుతుంది, ఇప్పుడు తగ్గుతుంది అనుకున్నాడు. తగ్గలేదు. ఆమె మొహం బూడిద రంగుకి తిరిగింది. నుదుటి మీంచి చెమట కారి మూట మీద పడింది. వాన గాలికి అందరికీ చలేస్తోంది.

ఊరికే కూర్చున్నా వచ్చింది. ఇంక ఆగేది కాదు.

"అదే" అన్నాడు. ప్రియాంక గిన్నెలు సర్దుతూ, "వస్తున్నా నాన్నా" అంది. తల తిప్పలేదు. అతను మంచం పట్టె మీద ఎడం చెయ్యి ఆనించి, ఒళ్ళంతా ఒక్కసారి ఊపి, నేల మీదకి దొర్లాడు. ఆ చప్పుడుకి ప్రియాంక పరిగెత్తుకొచ్చింది. లేపబోతే లేవనివ్వలేదు. ఒక మోచేతి మీద పాకుతూ గుమ్మం వైపు పోయాడు. బుల్లెమ్మ పాదం అందింది. అది పట్టుకుని కూతురి వైపు తిరిగి, ఆ చేత్తోనే తన దవడ మీద కొట్టుకున్నాడు, తర్వాత గుండెల మీద కొట్టుకున్నాడు, మళ్ళీ ఆ పాదం పట్టుకున్నాడు.

ప్రియాంక తల్లి మొహం చూసింది. దవడ కింద చెయ్యి చూసింది. తండ్రిని చూసింది.

"ఆ రోజు నువ్వు చెప్పింది అమ్మకా?"

"అదే" అన్నాడు నాగభూషణం. ఈసారి ఆ మాట సరిగ్గా సరిపోయింది.

"అమ్మా, ఎప్పట్నుంచి?"

"పన్నే..." అంది బుల్లెమ్మ. ఊపిరి అందక ఆగి, "ఎత్తినప్పుడు వచ్చేది. ఆగితే పోయేది. ఇవాళ పోవట్లేదు. చెయ్యి కూడా లాగేస్తోంది" అంది.

"ఎందుకు చెప్పలేదు?"

"చెబితే ఆసుపత్రంటారు. మీ నాన్ననెవరు చూస్తారు?"

వెంకటపతి గారు వానలో తడుస్తూ వచ్చారు. సంగతి వినగానే నాడి పట్టుకుని చూసి, ఒక బిళ్ళ ఇచ్చి నమలమన్నారు. "ఇది పన్ను కాదమ్మా. గుండె మాట. నా దగ్గర జరిగేది కాదు, దాటించాలి" అన్నారు. ఆయన గొంతులో ఎప్పుడూ లేని తొందర ఉంది. ప్రియాంక నూట ఎనిమిదికి ఫోన్ చేసింది. బండి అవనిగడ్డ నుంచి ఏటిమొగ రేవు దాకా వస్తుందన్నారు. అది అవతలి ఒడ్డు. మధ్యలో నది, ఈ ఒడ్డున కట్టేసిన పంటు.

ఆ తర్వాత గడిచిన సమయం నాగభూషణానికి జీవితంలో అన్నిటికంటే పొడుగైనది. కోటేశ్వరరావు అధికారులకి ఫోన్ మీద ఫోన్ చేస్తున్నాడు. గాలి తగ్గితే తప్ప వద్దంటున్నారు. బుల్లెమ్మని తన మంచం మీదే గోడకి ఆనించి కూర్చోబెట్టారు. అతను కింద చాప మీద ఉన్నాడు. ఆ పాయలో ఎక్కడ లోతో, ఈ గాలికి అల ఎటు కొడుతుందో, ఏ వారగా పట్టుకుపోతే పంటు నిలుస్తుందో అతనికి తెలుసు. చెప్పడానికి నోరు లేదు, నడపడానికి చెయ్యి లేదు. ఆమె చెయ్యి మంచం మీంచి కిందకి వేలాడితే, ఆ వేళ్ళు పట్టుకుని ఉన్నాడు. చల్లగా ఉన్నాయి.

సాయంత్రం కాకముందే గాలి కొంచెం మెత్తబడింది. "ఇప్పుడు కాకపోతే ఇంక రేపే బావా. నేను తీసుకెళ్తాను" అన్నాడు కోటేశ్వరరావు. అధికారులూ సరేనన్నారు. బుల్లెమ్మని నడవనివ్వకుండా కుర్చీలో కూర్చోబెట్టి నలుగురు మోసుకెళ్ళారు. గుమ్మం దాటేటప్పుడు ఆమె వెనక్కి తిరిగి, "పక్క తడిస్తే మార్చండి, వెంటనే మార్చకపోతే ఒళ్ళు పుండ్లు పడుతుంది" అంది.

ఇల్లు ఖాళీ అయింది. కోటేశ్వరరావు భార్య సూర్యకుమారి ఒక్కతే తోడుంది. నాగభూషణం కళ్ళు మూసుకుని విన్నాడు. ఇంజను పట్టుకుంది. రేవు వదిలింది. చప్పుడు బరువెక్కింది, అంటే నడి పాయలోకి వెళ్ళింది. అక్కడ ఒక్కసారి తగ్గింది. మళ్ళీ అందుకుంది. ఆ తర్వాత గాలి చప్పుడే తప్ప ఇంకేమీ వినపడలేదు. దాటిందో లేదో తెలియదు. సూర్యకుమారి ఫోన్‌కి సిగ్నల్ పోయింది. అడగడానికి మనిషి పక్కనే ఉన్నా, అడగడం చేతకాని మనిషి అతను. చీకటి పడేలోపు ఊళ్ళోవాళ్ళు ఆటోలో షెల్టరుకి చేర్చి, గోడ పక్కన పడుకోబెట్టిన చోట, వచ్చిపోయే ప్రతి మొహంలోకీ చూస్తూ ఉండిపోయాడు.

మర్నాడు మధ్యాహ్నానికి ప్రియాంక ఫోన్ కలిసింది. సూర్యకుమారి ఫోన్ అతని చెవికి ఆనించింది.

"అమ్మ బాగుంది నాన్నా. అవనిగడ్డలో ఇసిజి తీసి ఇంజెక్షన్ చేసి విజయవాడ పంపించారు. గుండె నాళాలు రెండు పూడుకుపోయాయంట. ఒకటి దాదాపు మూసుకుపోయిందంట. స్టెంట్లు వేశారు. ఇంకో రోజు ఆలస్యమైతే చెప్పలేకపోయేవాళ్ళం అన్నారు. ఆడవాళ్ళకి చాలామందికి ఇలాగే దవడకీ వీపుకీ వస్తుందంట, ఆయాసమనీ గ్యాసనీ ఊరుకుంటారంట. ఎవరు కనిపెట్టారని అడిగారు నాన్నా. మా నాన్న అని చెప్పాను."

నాగభూషణం ఫోన్ చెవికి అలా ఆనించుకునే ఉన్నాడు, అవతల పెట్టేసినా.

బుల్లెమ్మ తిరిగొచ్చేసరికి వాయుగుండం పోయింది, వాకిట్లో తడకలు మళ్ళీ నిలబెట్టారు. ఆమె చిక్కిపోయింది. బరువెత్తకూడదన్నారు, బిందె కూడా. మనిషిని ఎత్తే మాటే లేదు. పొద్దున్నా సాయంత్రం కోటేశ్వరరావో, రేవులో ఇంకొకరో వచ్చి నాగభూషణాన్ని దించి వెళ్తున్నారు. మధ్యలో అవసరమైతే వాళ్ళ కోసం చూడాల్సిందే. ఆ చూడడం ఇద్దరికీ కష్టంగానే ఉంది. పంటు మనుషులే ఒకరోజు దూలానికి లావుపాటి మోకు కట్టి, చివర ముడి వేసి, మంచం మీదకి వేలాడదీశారు. తనంతట తను పట్టుకుని లేచి కూర్చోమన్నారు.

వాళ్ళు వెళ్ళిపోయాక నాగభూషణం ఎడం చేత్తో మోకు అందుకున్నాడు. లాగాడు. నడుము మంచం మీంచి సగం దాకా లేచింది. మెడ నరాలు పొంగాయి. పట్టు జారి వెనక్కి పడ్డాడు. దిండు పక్కకి పోయి తల పట్టెకి తగిలింది.

గుమ్మంలో పీట మీద కూర్చున్న బుల్లెమ్మ ఉలిక్కిపడి సగం లేచింది. అంతలో ఆగి, మళ్ళీ కూర్చుంది. రెండు చేతులూ ఒళ్ళో పెట్టుకుని, ఒకదాన్నొకటి గట్టిగా పట్టుకుని, అతను మోకు కోసం మళ్ళీ చెయ్యి చాపడం చూస్తూ ఉంది.