కొండ మావిడి పుల్లలు

ఆరో తరగతి నన్ను వదల్లేక రెండేళ్లు ఉంచుకుంది. మూడో ఏడు నేనే వదిలేశాను. ఆ తెలివితోనే, నూజివీడు బస్సులో నా పక్కన కూర్చున్న ముసలావిడ ఒళ్లో తడిగుడ్డలో చుట్టిన పుల్లలు చూసి, "పళ్లు తోముకోవడానికాండీ?" అని అడిగాను.

"మా కొండ మీది నాటు మావిడివి. తాతల నాటి చెట్టు. రేపు క్వారీవాళ్లు కొట్టేస్తారంట. నర్సరీలో అంట్లు కట్టించి ఊరికొకటి పంచుతా. ఎన్నూళ్లు తిరిగి కొడతారో నేనూ చూస్తా," అంది.

"నాలుగు పుల్లలతోనా?" అని నవ్వాను.

ఆవిడ ఒక పుల్ల తీసి నా చేతిలో పెట్టింది. "ఇప్పుడు నువ్వూ ఉన్నావుగా."

ఆ కొండ ఇప్పుడు లేదు. మా పెరట్లో ఆ పుల్లతో కట్టించిన అంటు చెట్టై కాస్తోంది. మొన్న కాయ కొరికి, "ఇంత పులుపేంటే!" అన్నాను.

ఈ కథ వందసార్లు విన్న మా ఆవిడ ఉప్పూకారం ముందుకు తోసింది. "ఇచ్చినావిడ మాత్రం మీతో తియ్యగా మాట్లాడిందా?"