నడుము దాకా నాట్యం

నేను కూర్చిన అడుగుల్ని డైరెక్టర్లు కత్తిరించేస్తున్నారన్న కోపంతో, టీవీలో డాన్స్ మాస్టారి పని మానేసి నేనే డైరెక్టర్నయ్యాను. అయ్యాక తెలిసింది, డైరెక్టర్ పైన ప్రొడ్యూసర్ ఉంటాడని. ఆయనకు మొహాలే కావాలి. నా ప్రోగ్రామ్‌లో అడుగడుగునా పోయింది అడుగులే.

ఆ రోజుల్లోనే ఒకసారి రాజమండ్రి స్టేషన్ వెయిటింగ్ హాల్లో ఒకావిడ నన్ను గుర్తుపట్టింది. ప్రోగ్రామ్ మొదట్లో నమస్కారం పెట్టేది నేనే మరి. పక్కన పదేళ్ళ కూతురు.

"మా ఊళ్ళో నేర్పేవాళ్ళు లేరండి. మీ ప్రోగ్రామ్ చూసే నేర్చుకుంటోంది. ఎల్లుండి స్కూల్ వార్షికోత్సవంలో చేస్తానని పేరిచ్చేసింది కూడానండి. ఏదీ, మాస్టారికి చూపించవే!"

పిల్ల లేచి ఆడింది. చేతులు, కళ్ళు, మెడ తిప్పడం, అన్నీ నేను నేర్పినట్టే ఉన్నాయి. కాళ్ళు మాత్రం నేలకు మేకులు కొట్టినట్టు కదల్లేదు.

"కాళ్ళేవమ్మా?" అన్నాను.

"టీవీలో కాళ్ళు రావు కదండీ. కింద ఏం చెయ్యాలండి?"

బొజ్జ సంగతి మరిచి లేచాను. మొదటి అడుగు వేసేలోగా వాళ్ళ పాసింజర్ వచ్చేసింది. తల్లి పిల్లను లాక్కుని పరిగెత్తింది, వెనకే నేనూ.

"చూపించండి మాస్టారూ!" పిల్ల కిటికీలోంచి అరిచింది.

ప్లాట్‌ఫారం మీదే ఆడటం మొదలుపెట్టాను. కాళ్ళు కనబడాలని వెనక్కి వెనక్కి జరిగాను. రైలు కదిలింది. సరిగ్గా అప్పుడే అరటిగెలల తోపుడుబండి ఒకటి మా మధ్యకు వచ్చి ఆగింది.

ఆ పిల్లకు చివరికి కనబడింది నా మొహమే.